పుర్రెకొక బుద్ధి

"పుర్రెకొక బుద్ధి, జిహ్వకొక రుచి" అని మన పెద్దలు అన్నారు. ఈ సామెతను మనం సాధారణంగా ఎదుటివారి తిక్కను ఎత్తిపొడవటానికే వాడుతూ ఉంటాము. పుర్రెకొక బుద్ధి అన్నమాట నిజమైతే, ఆ బుద్ధులన్నింటికీ కొలువులో చోటు ఎట్లా కల్పించాలి అన్న విచారణ మాత్రం మనకు చాలా ఆలస్యంగా కలిగినది. ఆ విచారణ ఏ విధంగా పుట్టినదీ, ఏ దారులవెంట హైదరాబాదు నగరానికి వచ్చినదీ, జూబిలీ హిల్స్, ఫిలింనగర్ కొండలమీద వెలసిన సినిమాలోకానికి దానితో ఏమి పని ఉన్నదీ నాలుగు మాటలలో మనవి చేయటమే ఈ ప్రసంగం ఉద్దేశము.

ముందుగా ఎవరినిగురించి చెప్పుకొంటున్నామో స్పష్టం చేసుకోవాలి. కొందరికి తెలివికి ఏ లోటూ ఉండదు. కాని అక్షరాన్ని, దాని ధ్వనిని జతపరచి చదవటం కష్టమవుతుంది. దీనిని డిస్లెక్సియా అంటారు. మరికొందరికి మనస్సు ఒకచోట నిలువదు. నిలిచినప్పుడు ఎవరు పిలిచినా మరలిరాదు. ఏ.డి.హెచ్.డి. అని వైద్యులు పిలిచే స్థితి ఇది. ఇంకా కొందరికి మాటవెనుక దాగిన భావము, కనుసైగ, ముఖకవళిక అందవు. పెద్ద చప్పుడు, తీవ్రమైన వెలుతురు భరించరానివి అవుతాయి. అనుకొన్న క్రమం హఠాత్తుగా మారితే మనస్సు కలవరపడుతుంది. ఇది ఆటిజము. 1943లో అమెరికాలోని బాల్టిమోరులో లియో కానర్ అనే వైద్యుడు పదకొండుమంది పిల్లలను పరిశీలించి దీనిని వర్ణించినాడు. మరుసటి సంవత్సరమే వియన్నాలో హాన్స్ ఆస్పెర్గర్ ఇటువంటి పిల్లలనుగురించే వ్రాసినాడు.

అయితే ఆ పిల్లలు పెరిగి పెద్దవారైన తరువాత ఏమి చేస్తారు, ఎక్కడ పనిచేస్తారు అన్న ప్రశ్న చాలాకాలం ఎవరికీ తోచలేదు. దశాబ్దాలు గడచిన తరువాత, 1990ల చివరి భాగంలో, ఆటిజం ఉన్నవారే తమ తరఫున తాము మాట్లాడటం మొదలుపెట్టి 'న్యూరోడైవర్సిటీ', అనగా నాడీవైవిధ్యము అనే మాటను వ్యాప్తిలోకి తెచ్చినారు. అడవిలో చెట్లన్నీ ఒకే జాతివి కానట్లే మనుష్యుల మెదళ్లు కూడా ఒకే మూసలో పోసినవి కావని వారి వాదము. అందులో బాధ లేదని వారు అనలేదు. ఆ బాధలో చాలా పాలు మెదడువల్ల కాక, ఒకే రకపు మెదడుకోసం కట్టిన బడులవల్ల, కచేరీలవల్ల కలుగుతున్నదని మాత్రం అన్నారు.

మన పల్లెలలో వెనుకటి రోజులలో ఇటువంటివారు లేకపోలేదు. ఉమ్మడి కుటుంబము, కులవృత్తి, పొలము, పశువులు వారిలో కొందరికి ఆశ్రయమైనవి. రోజూ ఒకే వేళకు ఒకే దారిన పశువులను తోలుకొనిపోయే మనిషికి ఎవరితోనూ మాటకారితనం అక్కరలేదు. అంతమాత్రాన అది స్వర్ణయుగమని భ్రమపడరాదు. 'వెర్రిబాగులవాడు', 'మందమతి' అన్న మాటలు ఆ పల్లెలలో వినబడినవే. కూలిలేని చాకిరీ చేసి, మూలనున్న కంచంలో తిని బ్రతుకు వెళ్లదీసినవారు ఎందరో! నగరానికి వచ్చిన తరువాత ఆ కొద్ది ఆశ్రయం కూడా పోయి, ఎగతాళి మాత్రం మిగిలినది. జూబిలీ హిల్స్‌కు కొద్ది దూరంలోనే ఎర్రగడ్డ ఉన్నది. అక్కడి మానసిక చికిత్సాలయంవల్ల ఆ ఊరిపేరే మన హాస్య సన్నివేశాలలో ఒక తిట్టుగా మారినది. చికిత్స పొందేవారు, నాడీవైవిధ్యం కలవారు, మేధోవైకల్యం కలవారు, అందరూ ఆ ఒక్క వెక్కిరింతకిందనే జమపడినారు.

అయినా ఇదే జంటనగరాలలో వేరొక ప్రయత్నం కూడా నడిచినది. 1968లో హైదరాబాదులో ఠాకూర్ హరిప్రసాద్ సంస్థ, 1977లో సికింద్రాబాదులో స్వీకార్ సంస్థ బుద్ధివికాసంలో వెనుకబడిన పిల్లల శిక్షణకోసం ఏర్పడినవి. 1984లో కేంద్రప్రభుత్వం సికింద్రాబాదు బోయినపల్లి దాపున జాతీయస్థాయి సంస్థను నెలకొల్పినది. ఆ ప్రాంతానికి మనోవికాస్‌నగర్ అని పేరు. తరువాత 'మేధోవైకల్యం కలవారి సాధికారత' అన్న పదాలు చేర్చి ఆ సంస్థకు క్రొత్త నామకరణం చేసినారు. పిల్లలకు బడితోపాటు పెద్దవారికి వృత్తిశిక్షణ కూడా కావాలన్న భావన క్రమంగా ప్రచారమైనది.

ఆ వృత్తిశిక్షణ తొలిరోజులలో ఎక్కువగా ఆశ్రిత కర్మశాలల రూపంలో ఉండేది. కాగితపు కవరులు, కొవ్వొత్తులు, ఫైళ్లు, సుద్దముక్కలు చేయటం నేర్పేవారు. చేతికి పని, మనస్సుకు ఊరట దొరికేవి. కాని అది లోకంనుంచి వేరైన గది. అక్కడ ఏండ్లతరబడి 'తయారు' అవుతూనే ఉండి, బయటి ఉద్యోగానికి ఏనాడూ పోలేనివారు ఉండేవారు. 1980లలో అమెరికాలో ఈ క్రమాన్ని తలక్రిందులు చేసినారు. ముందు నిజమైన కార్యాలయంలో నిజమైన జీతానికి మనిషిని నియమించటము, పనిని ఆ చోటనే నేర్పటము, కొంతకాలం ఒక మార్గదర్శిని ప్రక్కన ఉంచి, క్రమంగా ఆయనను తప్పించటము ఆ నూతన పద్ధతి. ఈత ఒడ్డున నేర్పరాదు గదా! నీటిలో దిగినప్పుడు చేయి పట్టుకొనేవారు ఉంటే చాలును.

మన చట్టాల చరిత్ర కూడా ఇట్లాగే మెల్లగా నడిచినది. 1995నాటి వికలాంగుల చట్టం ఏడు వైకల్యాలను పేర్కొని, ప్రభుత్వోద్యోగాలలో నూటికి 3 చొప్పున కేటాయించినది. ఆ 3 చూపు, వినికిడి, అవయవ చలనం లోపించినవారికే చెందినవి. బుద్ధిమాంద్యం పట్టికలో ఉన్నది, ఉద్యోగాలలో లేదు. ఆటిజానికి పట్టికలోనే పేరు లేదు. 1999లో వచ్చిన జాతీయ ట్రస్టు చట్టం ఆటిజం పేరెత్తినది. కాని దాని ప్రధాన చింత సంరక్షకుల నియామకము. 'మా తరువాత మా బిడ్డకు ఎవరు?' అన్న తల్లిదండ్రుల ప్రశ్నకు అది సమాధానం వెదికినదే తప్ప, 'ఈ మనిషికి పని ఏది?' అని అడగలేదు. 2007లో భారతదేశం ఐక్యరాజ్యసమితి ఒడంబడికను ఆమోదించినది. దాని ఫలితంగా 2016 చట్టం వచ్చి, 2017 ఏప్రిల్‌లో అమలులోకి వచ్చినది. వైకల్యాల సంఖ్య 21 అయినది. ఆటిజము, డిస్లెక్సియా వంటి అభ్యసన వైకల్యాలు అందులో చేరినవి. కేటాయింపు నూటికి 4 అయినది. అందులో ఒక పాలు ఈ వర్గాలకు, మేధోవైకల్యము, మానసికవ్యాధి, బహుళవైకల్యాలు కలవారికి కలిపి ఇచ్చినారు. ఏ.డి.హెచ్.డి. పేరు మాత్రం ఆ పట్టికలో లేదు.

ఆ చట్టంలో కేటాయింపుకంటె విలువైన మాట ఇంకొకటి ఉన్నది. అది సముచితమైన సర్దుబాటు. యజమానిపై మోయలేని భారం పడకుండా, ఆ మనిషి ఇతరులతో సమానంగా పనిచేయటానికి అవసరమైన మార్పు చేయవలెనని దాని తాత్పర్యము. ఇరవైమంది, అంతకుమించి ఉద్యోగులున్న ప్రైవేటు సంస్థలు కూడా సమానావకాశాల విధానాన్ని ప్రకటించి, ఆ వ్యవహారం చూడటానికి ఒక అధికారిని నియమించాలని నిబంధన. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు ఈ మాటకు మరింత బలం చేకూర్చినది. చేతివ్రాత కష్టమైన ఒక అభ్యర్థి సివిల్ సర్వీసు పరీక్షలో వ్రాసిపెట్టే మనిషిని కోరినాడు. నూటికి 40 వంతుల వైకల్యం ఉన్నట్లు ధ్రువపత్రం ఉంటేనే అది లభిస్తుందన్న వాదాన్ని న్యాయస్థానం త్రోసిపుచ్చినది. ఉద్యోగాలలో కేటాయింపుకు ఆ కొలత అవసరం కావచ్చు. సర్దుబాటు కోరే హక్కు ఆ కొలతకు లోబడినది కాదని తీర్పు.

ఈలోగా విదేశాలలో వ్యాపారసంస్థలు తమ లాభం తాము చూసుకొని ఇదే దారికి వచ్చినవి. డెన్మార్కులో తోర్కిల్ సోనే అనే ఉద్యోగి, తన కుమారునికి ఆటిజం ఉన్నదని తెలిసిన తరువాత, అటువంటివారినే కంప్యూటర్ ప్రోగ్రాముల పరీక్షకులుగా నియమించే ఒక కంపెనీని స్థాపించినాడు. 2013లో జర్మనీకి చెందిన శాప్ కంపెనీ ఆయన సంస్థతో చేతులు కలిపినది. అంతకు పూర్వమే శాప్ బెంగుళూరు శాఖలో ఈ ప్రయోగం జరిగి ఉన్నది. 2015లో మైక్రోసాఫ్ట్ ఇటువంటి కార్యక్రమాన్ని ప్రారంభించినది. అప్పటికి ఆ కంపెనీకి అధిపతి హైదరాబాదులో పుట్టి, బేగంపేట పబ్లిక్ స్కూలులో చదివిన సత్య నాదెళ్ల. ఈ కార్యక్రమంలో గమనింపదగిన విషయం ఇంటర్వ్యూను మార్చటము. అరగంటలో అపరిచితుని కళ్లలోకి చూస్తూ గడగడా మాట్లాడగలవారినే పాత పద్ధతి ఎన్నుకొంటుంది. దానికి బదులు అభ్యర్థిని కొన్ని రోజులపాటు పనిలోనే ఉంచి, చేతిపనిని చూసి నిర్ణయించినారు. మాటల పరీక్షలో ఓడినవారు పని పరీక్షలో నెగ్గినారు.

ఇక మన కొండలమీదికి వద్దాము. 1956లో అమీర్‌పేటలో సారథీ స్టూడియో వెలసినది. 1976లో అక్కినేని నాగేశ్వరరావు బండరాళ్ల నడుమ అన్నపూర్ణ స్టూడియోను నిర్మించినారు. క్రమంగా మదరాసునుంచి తెలుగు చిత్రపరిశ్రమ తరలివచ్చి, జూబిలీ హిల్స్, ఫిలింనగర్ దానికి నెలవులైనవి. 1986లో కె. విశ్వనాథ్ 'స్వాతిముత్యం' చిత్రంలో, కమలహాసన్ ధరించిన శివయ్య పాత్రద్వారా, లోకరీతి తెలియని ఒక అమాయకుని తెలుగువారి ఇంటింటికీ ఆత్మబంధువును చేసినారు. కాని తెరమీద శివయ్యను చూసి కన్నీరు పెట్టిన మనము, మన కార్యాలయంలో శివయ్యవంటివాడు ప్రక్క కుర్చీలో కూర్చుంటే ఏమి చేస్తాము? జాలి వేరు, చోటివ్వటం వేరు. 2024 జూలైలో సుప్రీంకోర్టు, సినిమాలలో వికలాంగుల చిత్రణనుగురించి మార్గదర్శకాలు చెబుతూ, కించపరిచే హాస్యం వేరు, అర్థం చేసుకొని నవ్వించే హాస్యం వేరని వివరించినది. తెరమీది మర్యాద తెరవెనుక కూడా ఉండాలిగదా!

ఒక యువకుడు ఉన్నాడనుకొందాము. గ్రాఫిక్స్ శాఖలో పని. నటుని ఆకృతిని వెనుకటి దృశ్యంనుంచి గీతగీసి వేరుచేయాలి. క్షణానికి 24 బొమ్మలు; ఒక్క నిమిషానికి 1,440. ఇతరులు విసిగిపోయేచోట అతడు తన్మయుడై పనిచేస్తాడు. ఒకనాడు చెప్పకుండా అతని కుర్చీ మార్చినారు. ప్రక్కన పాట మ్రోగుతున్నది. పైఅధికారి నడుస్తూ నడుస్తూ "అది కొంచెం చూడు, తొందరగా కానీ" అని పోయినాడు. 'అది' ఏది? 'కొంచెం' ఎంత? ఏది ముందు, ఏది వెనుక? సాయంత్రానికి పని సాగలేదు. పొగరన్నారు, సోమరితనమన్నారు. వారంలోగా ఉద్యోగం పోయినది. అతనికి కావలసినవి ఏమిటి? పనిని కాగితంమీద వరుసక్రమంలో వ్రాసి ఇవ్వటము. మార్పు ఉంటే ముందురోజు చెప్పటము. ఒక నిలకడైన కుర్చీ. చెవులకు చప్పుడు వినబడని సాధనము. సందేహం కలిగితే అడగటానికి నియమిత వ్యక్తి ఒకరు. వీటికి అయ్యే ఖర్చు ఒక క్రొత్త మనిషిని వెదకి నేర్పటానికి అయ్యేదానికంటె తక్కువ.

ఈ పద్ధతులు సినిమావారికి క్రొత్తవి కావు. వందమంది కూడిన చోట ఎవరి జ్ఞాపకాన్నీ నమ్మరాదని తెలిసిన పరిశ్రమ ఇది. అందుకే సీను, షాటు, టేకు సంఖ్యలు క్లాప్ బోర్డుమీద వ్రాస్తారు. నటుని చొక్కా గుండీ ఎంతవరకు పెట్టి ఉన్నదో కంటిన్యూటీ చూసే సహాయకుడు గుర్తుపెడతాడు. ఎవరు ఏ వేళకు రావాలో ముందుగా నిర్ణయమై ఉంటుంది. "సైలెన్స్!" అన్న ఒక్క కేకతో ఫ్లోరంతా నిశ్శబ్దమవుతుంది. పెద్ద నటుడు వస్తే విడిగది, విశ్రాంతివేళ, ప్రక్కన సహాయకుడు, అన్నీ అమరుతాయి. దానిని సౌకర్యమంటాము. వాటిలో పదోవంతు ఒక చిన్న ఉద్యోగి అడిగితే గొంతెమ్మ కోరిక అంటాము. తేడా కోరికలో లేదు, కోరినవారి అంతస్తులో ఉన్నది.

ఇబ్బందులు లేవని కాదు. చిత్రనిర్మాణం ప్రతి చిత్రానికీ క్రొత్తగా కూడి, ముగియగానే విడిపోతుంది. ఒక మేనేజరు చేసిన సర్దుబాటు ఆ చిత్రంతోనే పోతుంది. రాత్రిపగలు తేడాలేని వేళలు, కళ్లు మిరుమిట్లు గొలిపే దీపాలు కొందరికి హింస. కృష్ణానగర్ వీధులలో నోటిమాటమీద జరిగే నియామకాలకు విధానపత్రం ఏదీ ఉండదు. అందుచేత ఈ బాధ్యత స్టూడియోలపైననే కాక, 24 శాఖల కార్మిక సంఘాలపైన కూడా ఉన్నది. సభ్యుడు ఏ చిత్రంలో పనిచేసినా అతని అవసరం తెలిసిన సంఘం అతని వెంట ఉండగలదు.

రెండు హెచ్చరికలు చేసి ముగిస్తాను. ఆటిజం ఉన్నవారందరూ గణితమేధావులనో, తప్పులు పట్టటంలో దిట్టలనో అనుకోవటం కూడా ఒక మూసే. ప్రజ్ఞ ఉంటేనే చోటు అన్నప్పుడు, అది హక్కు కాక బహుమానమవుతుంది. రెండవది, తన స్థితిని చెప్పుకోవటమో మానటమో ఆ మనిషి ఇష్టము. ఎదుటివారు ఊహించి పేరు పెట్టరాదు. వ్రాసి ఇచ్చిన ఆదేశము, ముందుగా చెప్పిన మార్పు, కాస్త నిశ్శబ్దము ఎవరికి చేదు? అందరికీ అమర్చితే ఎవరూ చేయి ఎత్తి అడగనక్కరలేదు.

పశువులు కాచినవాని కాలంనుంచి కవరులు అంటించిన గదివరకు, అక్కడినుంచి కంప్యూటరు తెరవరకు ఈ చరిత్రను చూస్తే ఒక్క సంగతి స్పష్టమవుతుంది. మనిషిని పనికి సరిపడేటట్లు వంచాలని చాలాకాలం ప్రయత్నించినాము; పనిచోటును మనిషికి సరిపడేటట్లు జరపటం ఇప్పుడిప్పుడే నేర్చుకొంటున్నాము. ఈ మాటలు వినే ఇండ్లలో ఏ మూలనో అటువంటి బిడ్డ ఉండవచ్చు. వానిని చూసి దిగులుపడే తల్లి, వానిని రేపు పనిలో పెట్టుకోబోయే యజమాని, ఇద్దరూ ఈ సంగతి తెలుసుకొంటే, పుర్రెకొక బుద్ధి అన్న సామెత ఎత్తిపొడుపుగా కాక, ఆదరంతో పలికే మాటగా మన నోట నిలుస్తుంది.