బాలు గారు పది పనులు చేశారా, ఒక్కటే చేశారా?

ఇవాళ ఒక సినిమాతో మొదలుపెడదాం. 1997లో వచ్చిన 'అన్నమయ్య'. అందులో నాగార్జున పాడుతుంటే మనకి వినిపించేది ఎస్పీ బాలసుబ్రహ్మణ్యం గారి గొంతు. సరే, అది అందరికీ తెలుసు. మరి వేంకటేశ్వరస్వామిగా సుమన్ మాట్లాడుతుంటే? అదీ బాలు గారే! భక్తుడి పాట, దేవుడి మాట, రెండూ ఒకే మనిషివి. ఆ డబ్బింగ్‌కి నంది అవార్డు కూడా వచ్చింది.

నేను సాఫ్ట్‌వేర్ ఉద్యోగం మానేసి వీడియోలు మొదలెట్టినప్పుడు మా ఇంట్లో అందరిదీ ఒకటే మాట: "ఏదో ఒకటి పట్టుకుని ఉండరా." వాళ్ళకి జవాబు చెప్దామని బాలు గారి కెరీర్ మొత్తం చదివా. దొరికింది మాత్రం నేననుకున్న జవాబు కాదు.

ఆయనా మన బ్యాచే. 1946లో నెల్లూరు ప్రాంతంలో పుట్టారు, నాన్నగారు సాంబమూర్తి హరికథలు చెప్పేవారు. అనంతపురంలో ఇంజినీరింగ్‌లో చేరి, టైఫాయిడ్ రావడంతో మానేశారు. తర్వాత మద్రాసులో ఏఎంఐఈ చదువుతూ పాటల పోటీలకి వెళ్ళేవారు. సంగీత దర్శకుడు కోదండపాణి గారు 1966లో 'శ్రీశ్రీశ్రీ మర్యాద రామన్న'కి పాడించారు. ఆ కృతజ్ఞతతోనే తన రికార్డింగ్ స్టూడియోకి ఆయన పేరు పెట్టుకున్నారు.

ఇప్పుడు అసలు పాయింట్. బాలు గారు పద్ధతిగా శాస్త్రీయ సంగీతం నేర్చుకోలేదు. అయినా 'శంకరాభరణం'లో మహా విద్వాంసుడి పాత్రకి పాడి జాతీయ అవార్డు తెచ్చుకున్నారు. 1981లో హిందీ 'ఏక్ దూజే కే లియే' అప్పుడేమో, ఈ మద్రాసు యాస హిందీకి పనికొస్తుందా అని సంగీత దర్శకులు సందేహించారు. దర్శకుడు బాలచందర్ గారు, హీరో పాత్రే హిందీ సరిగ్గా రాని తమిళ కుర్రాడు కదా, యాస ఉంటే ఉండనీ అన్నారు. దానికీ జాతీయ అవార్డే! మొత్తం ఆరు, నాలుగు భాషల్లో.

అంటే ఆయన ముందు చూసుకునేది పాత్రని అనమాట. అల్లు రామలింగయ్య గారికి పాడితే అల్లు రామలింగయ్య గారే పాడినట్టుండేది. తెలుగులో కమల్ హాసన్‌కి మాట ఇచ్చిందీ ఆయనే. 'దశావతారం'లో అయితే ఏకంగా ఏడు పాత్రలకి చెప్పారు, అందులో ముసలావిడ కూడా ఉంది! తెర మీదకొచ్చి 'ప్రేమికుడు'లో ప్రభుదేవా తండ్రయ్యారు. 2012లో 'మిథునం'లో అయితే తెర మీద ఆయనా, లక్ష్మి గారూ, అంతే.

మరి టీవీ? 1996లో ఈటీవీలో 'పాడుతా తీయగా' మొదలైంది. ఉష, మల్లికార్జున్, గోపికా పూర్ణిమ లాంటి వాళ్ళు అక్కడి నుంచే వచ్చారు. అందులో ఆయన పిల్లల శ్రుతి ఒక్కటే చూసేవారు కాదు. ఈ పాట ఎవరు రాశారు, ఏ సందర్భంలో వస్తుంది, ఈ మాటకి అర్థమేంటి, ఇవన్నీ చెప్పేవారు. అంటే తను జీవితమంతా చేసిన పనినే పిల్లలకి నేర్పారు.

చూడండి, ఆయన పాటని వదిలేసి నటనకో టీవీకో వెళ్ళలేదు. ఒక్క పనినే, అంటే అవతలి మనిషిని అర్థం చేసుకుని గొంతివ్వడాన్నే, అన్నిచోట్లకీ తీసుకెళ్ళారు. 2020 సెప్టెంబర్ 25న వెళ్ళిపోయారు. మా ఇంట్లో వాళ్ళ మాట సగం కరెక్టే అని ఒప్పుకోవడానికి నాకు మాత్రం ఇంకొంచెం టైం పట్టింది. ఏదో ఒకటి పట్టుకోవాల్సిందే. ఆ ఒకటి ఉద్యోగమే కానక్కర్లేదు.

బాలు గారని తెలియకుండా మీరు విన్న గొంతు ఏ సినిమాలోది? కామెంట్లో చెప్పండి. నెక్స్ట్ ఎపిసోడ్‌లో కలుద్దాం!