సుధా చంద్రన్

సుధా చంద్రన్ భరతనాట్య కళాకారిణి, సినిమా, టెలివిజన్ నటి. ముంబైలో పెరిగిన ఆమె కథానాయికగా పరిచయమైనది తెలుగు సినిమా ‘మయూరి’తో. నర్తకిని ముఖ్యపాత్రకు ఎంచుకోవడం తెలుగు తెరకు కొత్త కాదు. 1980లో ‘శంకరాభరణం’లో తులసి పాత్రను కూచిపూడి నర్తకి మంజుభార్గవి పోషించారు. సుధ విషయంలో మాత్రం సినిమా కథకు ఆధారం ఆమె జీవితమే.

ప్రమాదం, పునఃప్రదర్శన

1981లో తమిళనాడులోని తిరుచిరాపల్లి దగ్గర సుధ ప్రయాణిస్తున్న బస్సు ప్రమాదానికి గురైంది. గాయపడిన కుడికాలికి గ్యాంగ్రీన్ సోకడంతో మోకాలి కింది భాగాన్ని తొలగించారు. తరువాత ఆమె ‘జైపూర్ ఫుట్’ అమర్చుకున్నారు. రామచంద్ర శర్మ అనే శిల్పి, ఎముకల వైద్యుడు పి.కె. సేథీ 1960ల చివర్లో జైపూర్‌లో రూపొందించిన ఈ రబ్బరు పాదంతో చెప్పులు లేకుండా నడవచ్చు, గొంతుక్కూర్చోవచ్చు. భరతనాట్యం వట్టి పాదాలతో ఆడేది కాబట్టి సుధకు అది అక్కరకొచ్చింది. మోకాలు మిగిలింది గనుక మోకాళ్లు పక్కలకు వంచి నిలిచే అరమండికి వీలుంది. కానీ చీలమండ, వేళ్ల పట్టు లేకుండా నేలను తట్టడం మళ్లీ మొదటినుంచి సాధన చేయవలసినదే. 1984లో ఆమె ముంబైలో తిరిగి వేదికనెక్కారు.

‘మయూరి’

ఉషాకిరణ్ మూవీస్ పతాకంపై రామోజీరావు నిర్మించిన ఈ చిత్రానికి సింగీతం శ్రీనివాసరావు దర్శకుడు, ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యం సంగీత దర్శకుడు. శుభాకర్ కథానాయకుడు. నటనలో అనుభవం లేకపోయినా ప్రధాన పాత్రను సుధకే ఇచ్చారు. అందువల్ల కృత్రిమ కాలితో నాట్యం చేసే ఘట్టాలను అనుకరించవలసిన పని లేకపోయింది. ప్రేక్షకులు చూసింది ఆ కాలితో ఆమె నిజంగా ఆడిన ఆటనే. 1985 సంవత్సరపు జాతీయ సినిమా పురస్కారాల్లో సుధకు ప్రత్యేక జ్యూరీ పురస్కారం దక్కింది. చిత్రానికి 14 నంది పురస్కారాలు వచ్చాయి. 1986లో తాతినేని రామారావు దర్శకత్వంలో హిందీలో ‘నాచే మయూరి’గా తీసినప్పుడూ ఆ పాత్ర ఆమెదే. శేఖర్ సుమన్ నాయకుడు.

టెలివిజన్

నటుడు కె.డి. చంద్రన్ కుమార్తె అయిన సుధకు ఎక్కువకాలం నిలిచిన గుర్తింపు హిందీ ధారావాహికల్లో లభించింది. 2001లో మొదలైన ‘కహీఁ కిసీ రోజ్’లో రమోలా సికంద్ అనే ప్రతినాయికగా పేరు తెచ్చుకున్నారు. 2015లో ప్రారంభమైన ‘నాగిన్’లోనూ నటించారు. ‘మయూరి’లో ఆమె పాత్రకు పాదాలే ఆధారం. ఇంటి గొడవల చుట్టూ తిరిగే ధారావాహికల్లో కెమెరా ముఖాన్నే దగ్గరగా చూపుతుంది. అక్కడ ఆమెకు పనికొచ్చింది చూపుతో, కనుబొమలతో భావం పలికించే అభినయ శిక్షణ. నాట్యం అక్కర్లేని పాత్రల్లోనూ ఆమె దశాబ్దాలపాటు కొనసాగారు.