ఎడమనుంచి కుడికి

రష్యా అంతర్యుద్ధకాలంలో, 1919 సెప్టెంబరున, చెచెన్యాలోని వేదెనోలో ఒక ఇస్లామిక రాజ్యం పుట్టింది. ఉత్తర కాకసస్ ఎమిరేటు దాని పేరు. ఉజున్ హాజీ అనే వృద్ధ మతగురువు దాని అధిపతి. 'ఎడమనుంచి కుడికి వ్రాసేవారందరినీ ఉరితీయడానికి త్రాడు పేనుతున్నాను' అన్నాడని ఆయనను గురించి ప్రతీతి. (జీవితమంతా నల్లబల్లపై అలాగే వ్రాసిన నేను ఒకసారి మెడ తడుముకొన్నాను!)

అట్టివాడే, డెనీకిన్ శ్వేతసేన చెచెన్ పల్లెలను తగులబెడుతుంటే, దేవుణ్ణి నమ్మని గికాలో ఎర్రదళాన్ని తన సైన్యంలో చేర్చుకొన్నాడు. ఆపద అటువంటిది మరి. ఆ రాజ్యం సొంతంగా నోట్లు కూడా ముద్రించింది. 1920లో డెనీకిన్ ఓడగానే మిత్రులే ఎమిరేటును రద్దుచేశారు. ఆ ఏడే హాజీ కన్నుమూశాడు.

1925లో సోవియట్లు చెచెన్ భాషకు అరబ్బీ లిపి తీసివేసి లాటిన్ లిపి పెట్టారు, 1938లో సిరిలిక్. రెండూ ఎడమనుంచి కుడికే.