స్వప్నకర్త ఎవరు? కృష్ణాతీరంలో స్వప్నవిద్య

మంత్రబలంతో కలలను మలచే రహస్య సంప్రదాయం ఒకటి ఉన్నదంటే నేటివారు కల్పితకథగా భావిస్తారు. అది కల్పన కాదు. బౌద్ధ వజ్రయానంలో స్వప్నయోగమనే సాధన ఉన్నది. అభిషేకం పొందిన శిష్యునికి మాత్రమే గురువు దానిని ఉపదేశించేవాడు. ‘సమయం’ అనే ప్రతిజ్ఞ చేత శిష్యుడు దానిని గోప్యంగా కాపాడేవాడు. 11వ శతాబ్దికి చెందిన నారోపాదుని పేరిట ప్రసిద్ధమైన ఆరు సాధనలలో ఇది ఒకటి. మర్పా అనే భోటదేశీయుడు ఆ పరంపరను హిమాలయాల ఆవలకు కొనిపోయాడని ఆ సంప్రదాయం చెబుతుంది. నారోపాదుడు ఆంధ్రుడు కాడు. అయినప్పటికీ వజ్రయానులు శిరసు వంచి స్మరించే క్షేత్రం ఒకటి మన కృష్ణవేణీ తీరంలోనే ఉన్నది.

అదే ధాన్యకటకం, నేటి అమరావతి–ధరణికోట. బుద్ధుడు అక్కడి మహాస్తూపం చెంత శంభల రాజైన సుచంద్రునికి కాలచక్ర తంత్రాన్ని ఉపదేశించాడని భోటదేశీయుల విశ్వాసం. నేడు లభించే కాలచక్ర గ్రంథం బుద్ధునికి వేయి సంవత్సరాలకు పైగా తరువాతిది కనుక దీనిని యథాతథ చరిత్రగా స్వీకరించలేము. కాని స్మృతికి కూడా ఒక చరిత్ర ఉంటుంది. 1416లో లాసా సమీపాన స్థాపించిన డ్రెపుంగ్ మహావిహారం పేరు ‘ధాన్యకటక’ శబ్దానికి భోటభాషానువాదమే. 2006 జనవరిలో దలైలామా అమరావతికి వచ్చి కాలచక్ర దీక్ష నిర్వహించినది కూడా ఈ స్మృతి చేతనే. మన ఊరి పేరు మంచుకొండల నడుమ ఇంత కాలం భద్రంగా ఉండగా, మనం మాత్రం దానిని పుస్తకాలలో వెదుక్కుంటున్నాము!

ఈ ప్రాంతానికి మంత్రసిద్ధుల ఖ్యాతి అంతకు ముందే ఉన్నది. 7వ శతాబ్దిలో ధాన్యకటకానికి వచ్చిన చైనా యాత్రికుడు హ్యూయన్ త్సాంగ్ ఇక్కడ విన్న కథ ఒకటి వ్రాసిపెట్టాడు. భావవివేకుడనే ఆచార్యుడు మైత్రేయ బుద్ధుని రాక వరకు జీవించగోరి, నగరానికి దక్షిణాన ఉన్న కొండ వద్ద వజ్రపాణి ధారణిని జపించాడట. కొన్ని సంవత్సరాల తరువాత అభిమంత్రించిన ఆవాలతో శిలను కొట్టగా అది ద్వారం వలె తెరచుకున్నదట. చూడవచ్చిన జనులలో ఆరుగురు మాత్రమే ఆయన వెంట లోనికి వెళ్ళారు. మిగిలినవారు భయంతో వెలుపలనే నిలిచిపోయారు.

ఇక స్వప్నయోగ విధానం. సాధకుడు పగలంతా తాను చూచే ప్రతి వస్తువును ‘ఇది స్వప్నమే’ అని భావన చేస్తాడు. రాత్రి శయనించే ముందు కంఠస్థానంలోని పద్మంలో ఒక బీజాక్షరాన్ని నిలిపి, దానిపైనే మనస్సు ఉంచి నిద్రలోకి జారుతాడు. అభ్యాసం పండితే, కలలో ఉండగానే అది కల అని తెలుస్తుంది. అప్పుడు అగ్నిని జలంగా, ఒకటిని అనేకంగా, అల్పాన్ని మహత్తుగా మార్చడం నేర్చుకుంటాడు. భయంకరమైన మంట ఎదురైతే జంకక అందులోకి నడుస్తాడు. స్వప్ననిర్మాణం ఇక్కడ భోగం కొరకు కాదు. తన చేత మారినది సత్యం కాదని గ్రహించి, జాగ్రత్ ప్రపంచం కూడా అట్టిదేనని చూడడమే ఆ సాధన ప్రయోజనం. సిద్ధాంతంలో వారికీ మనకూ భేదం ఎంత ఉన్నా, ఈ వైరాగ్యాన్ని గౌరవించక తప్పదు.

మన శాస్త్రాలు ఏమంటున్నవి? అథర్వవేదం పదహారవ కాండలో దుస్స్వప్న నివారణ మంత్రాలు ఉన్నవి. బ్రహ్మసూత్రాల మూడవ అధ్యాయం రెండవ పాదం స్వప్నవిచారంతోనే ఆరంభమవుతుంది. శంకర భగవత్పాదులు అక్కడ స్వప్నసృష్టి మాయామాత్రమని నిర్ణయించారు. శయనించినది బెజవాడలో, కలలో చేరినది కాశి. ఆ ప్రయాణం నిజమైతే మేల్కొనవలసినది కాశిలో కదా! అయితే వారు స్వప్నాన్ని తృణీకరించలేదు. అది శుభాశుభ సూచకం కాగలదని ఛాందోగ్య శ్రుతిని ఉదాహరించారు. మంత్ర, దేవతా, ద్రవ్య విశేషాల వలన కలిగే కొన్ని స్వప్నాలలో సత్యార్థం యొక్క వాసన ఉంటుందని కొందరు తలుస్తారనీ పేర్కొన్నారు. సూచింపబడినది సత్యం కావచ్చును, సూచించిన కల మాత్రం మిథ్యయే. ఇది అతి సూక్ష్మమైన తీర్పు. రామానుజాచార్యులు మరొక మార్గాన, జీవుని కర్మానుసారం స్వప్నాన్ని సృజించేవాడు పరమాత్మయే అన్నారు. జీవుడే స్వేచ్ఛగా కలలను నిర్మించుకోగలిగితే, పీడకల కనేవాడు లోకంలో ఒక్కడైనా ఉండునా?

ఈ విచారం నేడు అవసరమైనది. కోరిన కల రప్పిస్తామనీ, మరణించిన వారిని స్వప్నంలో చూపిస్తామనీ, సంతాన వివాహ విషయాలకు కలలోనే సమాధానం ఇప్పిస్తామనీ యంత్రాలు, తాయెత్తులు విక్రయించేవారు ఉన్నారు. బిడ్డను పోగొట్టుకున్న తల్లులు వేలకు వేలు సమర్పించి, కల రాకపోతే ‘నా భక్తిలోనే లోపం ఉన్నదా స్వామీ’ అని గర్భాలయం ముందు విలపించడం నేను చూచాను. అమ్మా, మీ భక్తిలో లోపం లేదు. స్వప్నయోగులు కూడా తమ విద్యను ఇందుకు వినియోగించలేదు, అంగడిలో పెట్టలేదు.

కోరక వచ్చిన స్వప్నం కూడా ఈ నదీతీరానిదే. కళింగ దండయాత్రలో శ్రీకృష్ణదేవరాయలు విజయవాడలో కొన్ని దినాలు విడిది చేసి, అక్కడి నుండి శ్రీకాకుళ క్షేత్రానికి వెళ్ళి ఆంధ్రమహావిష్ణువును సేవించాడు. ఇది ఉత్తరాంధ్రలోని శ్రీకాకుళం కాదు, కృష్ణా జిల్లా ఘంటసాల మండలంలోనిది. ఆనాడు ఏకాదశి. రాయలు ఉపవసించాడే కాని స్వప్నార్థమై ఏ అనుష్ఠానమూ చేసినట్లు ‘ఆముక్తమాల్యద’ అవతారికలో లేదు. ఆ రాత్రి నాలుగవ యామంలో స్వామి కలలో సాక్షాత్కరించి, గోదాదేవి కల్యాణకథను తెలుగులో రచింపుమని ఆజ్ఞాపించాడు. రాయలు మేల్కొని, గోపురానికి నమస్కరించి, ప్రాతఃకాలంలో నిండు సభలో ఆ స్వప్నాన్ని ప్రకటించాడు. అందులో గోప్యమేమీ లేదు.

ఆ ఆంధ్రమహావిష్ణువు ఆలయం కృష్ణ ఒడ్డున నేటికీ ఉన్నది. ఏకాదశి నాడు దర్శించదలచినవారు ఉపవాసంతో వెళ్ళండి. రాత్రి ఏ కల వచ్చినా, రాకపోయినా, ద్వాదశి ఉదయం పారణ చేయడం మాత్రం మరువకండి.