భవిత గదికీ తరగతి గదికీ మధ్య

జనగామకు రైలుంది, మహబూబాబాద్‌కూ రైలుంది. బొగ్గు గనులున్న ఊరైనా భూపాలపల్లికి మాత్రం ప్రయాణికుల రైలు లేదు. పరకాల మీదుగా బస్సెక్కాల్సిందే. మూడింటికీ పెద్ద దిక్కు వరంగల్. 2016 అక్టోబర్ 11న కొత్త జిల్లాలు ఏర్పడేదాకా ఈ మూడూ ఉమ్మడి వరంగల్‌లోని పట్టణాలే. కాలు చచ్చుబడిన బిడ్డనో, చెవులు వినపడని బిడ్డనో చంకనేసుకుని వరంగల్‌లోని ఎంజీఎం ఆసుపత్రికి తిరిగిన తల్లులకు ఈ భూగోళం బాగా తెలుసు. మానుకోట నుంచి అయితే (మహబూబాబాద్‌ను ఊళ్లలో ఇప్పటికీ అలాగే అంటారు) పొద్దుటి రైలు, ఒక రోజు కూలి నష్టం, సాయంత్రానికి చేతిలో ఒక కాగితం. ఈ ప్రాంతంలో వైకల్యమున్న పిల్లల చదువు ఎలా సాగిందో చెప్పాలంటే చట్టాల తేదీల కన్నా ముందు ఇలాంటి దూరాలు కొలవాలి.

బళ్లే అరుదైన కాలంలో అసలు ఈ ప్రశ్నే లేదు. 1951 జనాభా లెక్కల నాటికి హైదరాబాద్ రాష్ట్రంలో పదిమందిలో ఒకరికి కూడా చదవడం, రాయడం రాదు. బడికి పోనివాడు ఊళ్లో వింత కాదు. మగ్గానికి చెవులతో పని లేదు, గొర్ల మందకు అక్షరాలతో పని లేదు. ఊరు ఆ పిల్లవాడికి ఏదో ఒక పని చూపేది, ఇంత అన్నం పెట్టేది, పేరు పక్కనపెట్టి లోపంతో పిలిచేది. కుంటోడు, మూగది, ఎడ్డోడు. అసలు పేరు తల్లికి తప్ప ఎవరికీ గుర్తుండేది కాదు. తేడా పుట్టింది బడి వచ్చాకే. తోటి పిల్లలు పలకలు పట్టుకుని పోతుంటే అరుగు మీద ఉండిపోయినవాడు అప్పుడు కొత్తగా వెనకబడినవాడయ్యాడు.

మన దేశంలో ఇలాంటి పిల్లలకు చదువంటే చాలాకాలం వేరే బడే. 1880లలో బొంబాయిలో బధిరుల బడి, 1887లో అమృత్‌సర్‌లో అంధుల బడి క్రైస్తవ మిషనరీల చేతుల మీదుగా మొదలయ్యాయి. 1951లో భారతీ బ్రెయిలీ ఖాయమయ్యాక తెలుగు అక్షరాలు కూడా ఆరు చుక్కల్లో ఒదిగాయి. 1984లో సికింద్రాబాద్‌లో మానసిక వికలాంగుల జాతీయ సంస్థ వచ్చింది. అన్నీ పట్నాల్లోనే. పాలకుర్తి పక్క పల్లె నుంచో, మహదేవపూర్ అడవి అంచు నుంచో ఆరేళ్ల పిల్లవాణ్ని తీసుకెళ్లి హాస్టల్లో వదలాలి. ఆడపిల్లయితే ఆ మాట ఎత్తేవాళ్లే తక్కువ.

మామూలు బడిలోనే వీళ్లకూ చోటివ్వాలని కొఠారీ కమిషన్ 1966లోనే చెప్పింది. కేంద్రం 1974లో ఒక పథకం తెచ్చింది కూడా. కానీ దాన్ని అప్పగించింది విద్యాశాఖకు కాదు, సంక్షేమ శాఖకు. ఎనిమిదేళ్ల తర్వాత, 1982లో గానీ అది విద్యాశాఖ చేతికి రాలేదు. చదువుగా కాక సాయంగా చూశారనడానికి వేరే సాక్ష్యం అక్కర్లేదు. పైగా ఎనిమిది మంది పిల్లలకు ఒక ప్రత్యేక టీచర్ అని లెక్క కట్టారు. పట్నంలో ఆ ఎనిమిది మంది దొరుకుతారు. దేవరుప్పుల దగ్గరి పల్లెలో చూపులేని పిల్లవాడు ఒక్కడే ఉంటాడు, ఇంకొకడు పది కిలోమీటర్ల అవతల ఉంటాడు. లెక్క సరిగానే ఉంది, ఊళ్లే దానికి తగ్గట్టు లేవు.

మార్పు వేరే దారిలో వచ్చింది. 1994లో కేంద్రం జిల్లా ప్రాథమిక విద్యా పథకం మొదలుపెట్టింది. అందరూ డీపీఈపీ అనేవారు. ఆడవాళ్ల అక్షరాస్యత దేశ సగటు కంటే తక్కువున్న జిల్లాలకే అందులో చోటు. 1991 లెక్కల ప్రకారం ఆ సగటు 39 శాతం. 1996లో ఆంధ్రప్రదేశ్ నుంచి మొదటి విడతలో ఐదు జిల్లాలు ఎంపికయ్యాయి: వరంగల్, కరీంనగర్, కర్నూలు, విజయనగరం, నెల్లూరు. డబ్బులో పెద్ద భాగం బ్రిటన్ ప్రభుత్వం ఇచ్చింది. నేటి భూపాలపల్లి జిల్లాలో కాటారం, మహదేవపూర్ లాంటి మండలాలు కరీంనగర్ నుంచి వచ్చి చేరినవే, కాబట్టి ఎటు చూసినా ఈ నేల ఆ మొదటి విడతలోనే ఉంది. తల్లులకు చదువు రాకపోవడం వల్ల వచ్చిన పథకం అది. 1997లో దానికి వైకల్యమున్న పిల్లల చదువును జోడించారు. అవకాశం అలా పక్కదారిన వచ్చి తలుపు తట్టింది.

కాలం కూడా కలిసొచ్చింది. 1994 జూన్‌లో స్పెయిన్‌లోని సలమాంకాలో 92 ప్రభుత్వాలు, 25 అంతర్జాతీయ సంస్థలు కూర్చుని, పిల్లలందరికీ మామూలు బడే మొదటి చోటని ఒప్పుకున్నాయి. ఇటలీ ఆ పని 1977లోనే చట్టంగా చేసింది. మన వికలాంగుల చట్టం 1996 ఫిబ్రవరి 7న అమల్లోకి వచ్చి, పద్దెనిమిదేళ్ల వరకూ ఉచిత చదువు ఇవ్వాలంది.

ఆ రోజుల్లో ‘వైకల్యం’ అనగానే టీచర్ల కళ్ల ముందు నిలిచేది పోలియో. ఇనుప పట్టీల కాలిపర్, చంకకర్ర, మోకాలి మీద చెయ్యి ఆనించి నడిచే పిల్ల. దానికి మందుగా కనిపించింది ర్యాంపు. బడి మెట్ల పక్కన సిమెంటు ఏటవాలు కట్టి, రంగు వేసి, పైన బోర్డు రాస్తే పని అయినట్టే. కొన్ని ర్యాంపులు ఎంత నిటారుగా ఉండేవంటే కాళ్లున్నవాళ్లు కూడా జారేవాళ్లు. వరండా దాకా తీసుకెళ్లే ర్యాంపు మూత్రశాల దాకా వెళ్లకపోవడం మరో ముచ్చట. అంతలో జబ్బే మాయమైంది. 1995లో పల్స్ పోలియో మొదలైంది, 2011 జనవరి తర్వాత దేశంలో ఆ కేసు లేదు, 2014 మార్చి 27న మన దేశం పోలియో లేనిదని ధ్రువీకరించారు. బడికి వచ్చే పిల్లల్లో ఇప్పుడు మస్తిష్క పక్షవాతం, బుద్ధిమాంద్యం, ఆటిజం, వినికిడి లోపం ఉన్నవాళ్లు ముందుకొచ్చారు. వీళ్లకు కావాల్సింది ర్యాంపు కాదు, పాఠం చెప్పే తీరులో మార్పు. సిమెంటుతో కట్టలేని పని అది.

2001 ప్రాంతంలో సర్వశిక్షా అభియాన్ వచ్చింది. ఏ పిల్లనీ బడి తిప్పి పంపకూడదన్నది దాని నియమం. పిల్లకు ఏడాదికి 1,200 రూపాయలు కేటాయించారు, తర్వాత అది 3,000 అయింది, 2018లో వచ్చిన సమగ్ర శిక్షలో 3,500 అయింది. ఆ డబ్బుతోనే మన దగ్గర మండలాల్లో ‘భవిత’ కేంద్రాలు వెలిశాయి. శిక్షణ కాలేజీల పుస్తకాల్లో విలీన విద్య, సమ్మిళిత విద్య అంటారు. ఆఫీసు కాగితాల్లో సహిత విద్య అంటారు. ఊళ్లో తల్లి మాత్రం మా పిల్ల భవితకు పోతది అంటుంది.

భవిత గది సాధారణంగా ఏదో ఒక సర్కారు బడి ఆవరణలోనే ఉంటుంది. గోడకు నిలువుటద్దం, దాని ముందు పట్టుకుని నడవడానికి రెండు సమాంతర కడ్డీలు, నేల మీద చాప, పెద్ద రబ్బరు బంతి, మెడ నిలవని పిల్లల కోసం పట్టీల కుర్చీ, రంగు పూసలు, చెక్క అంకెలు. వారానికోసారి ఫిజియోథెరపిస్ట్ వస్తారు. నడిపించేది ఐఈఆర్పీలు, అంటే ప్రత్యేక విద్యలో శిక్షణ పొందిన కాంట్రాక్టు టీచర్లు. పిల్లకు పలక పట్టించడం, పళ్లు తోముకోవడం నేర్పడం, సదరం శిబిరానికి తీసుకెళ్లడం, వినికిడి యంత్రం బ్యాటరీ కోసం ఫోన్లు చేయడం, అన్నీ వాళ్ల పనే. సదరం 2009-10లో మొదలైంది. వైకల్య శాతాన్ని కంప్యూటర్ మీద లెక్కగట్టే ఈ పద్ధతిలో కనీసం నలభై శాతం ఉంటేనే చాలా సాయాలకు అర్హత. ముప్పై ఎనిమిది దగ్గర ఆగిన పిల్ల తండ్రి ముఖం చూడలేక ఐఈఆర్పీ తల తిప్పుకునే సన్నివేశం ఊహించడం కష్టం కాదు.

మహబూబాబాద్ జిల్లాలో ఇంకో చిక్కుముడి ఉంది. జనాభాలో మూడో వంతుకు పైగా గిరిజనులు, ఎక్కువమంది లంబాడీలు. తండాలో పుట్టిన బిడ్డ ఇంట్లో వినేది లంబాడీ మాట, బడిలో వినేది తెలుగు, పుస్తకంలో చూసేది ఇంగ్లిష్. ఆ బిడ్డకు మాట ఆలస్యమైతే అది చెవి లోపమా, మెదడు లోపమా, లేక మూడు భాషల మధ్య పడ్డ తికమకా? తేల్చాల్సిన వాళ్లకు చాలాసార్లు మొదటి భాషే రాదు. భూపాలపల్లి గోదావరి వైపు ఊళ్లలో దూరమే శత్రువు. 2019 ఫిబ్రవరి 17న ములుగు వేరే జిల్లాగా విడిపోయాక అడవి భారం కొంత తగ్గింది, పూర్తిగా పోలేదు. జనగామ సంగతి వేరు. పట్నం దగ్గర కాబట్టి కాస్త ఓపికున్న తల్లిదండ్రుల చూపు హైదరాబాద్ ప్రత్యేక బడుల మీదే ఉంటుంది. అందులో తప్పేమీ లేదు. 2016 వికలాంగుల హక్కుల చట్టమే పక్కనున్న మామూలు బడా, ప్రత్యేక బడా అన్న ఎంపికను పిల్లకు వదిలింది.

అసలు కొరత ఒకే ఆవరణలో ఉంది. నాలుగో తరగతిలో పేరున్న పిల్ల పొద్దంతా భవిత గదిలోనే కూర్చుంటే, వేరే ఊళ్లోని వేరే బడి మన బడిలోకే నడిచొచ్చినట్టు. తరగతి టీచర్ ఐఈఆర్పీతో మాట్లాడేటప్పుడు ‘మీ పిల్లలు’ అనే మాట వాడడం ఈ రంగంలో పనిచేసినవాళ్లందరికీ పరిచయమే. వరంగల్ నుంచి మండలానికి, మండలం నుంచి ఊరికి తగ్గుతూ వచ్చిన దూరం చివరకు ఇరవై అడుగుల వరండా దగ్గర ఆగింది.

ఆ వరండా దాటినవాళ్లు లేకపోలేదు. వరంగల్ జిల్లా పర్వతగిరి మండలం కల్లెడ, మహబూబాబాద్‌కు పొరుగే. అక్కడి జీవంజి దీప్తి బుద్ధి వికాసంలో లోపంతో పుట్టింది. చిన్నప్పుడు ఊళ్లో ఎగతాళి పడింది. ఆమె పరుగును ముందుగా గుర్తించింది ఊళ్లోని మామూలు బడి వ్యాయామ ఉపాధ్యాయుడే. తర్వాత కోచ్ నాగపురి రమేశ్ చేరదీశారు. 2024 మేలో జపాన్‌లోని కోబెలో 400 మీటర్లు 55.07 సెకన్లలో పరిగెత్తి తన విభాగంలో ప్రపంచ రికార్డు రాసింది; సెప్టెంబర్‌లో పారిస్ పారాలింపిక్స్‌లో కాంస్యం గెలిచింది. పతకం వచ్చాక ఊరంతా మా బిడ్డే అంది, సహజం. కానీ ఆ పరుగు మొదలైంది అందరు పిల్లలూ పరిగెత్తే మైదానంలోనే.

చదువులో ఇలాంటి కథ కృష్ణా జిల్లాది. సీతారామపురంలో 1991లో చూపులేకుండా పుట్టిన బొల్లా శ్రీకాంత్, హైదరాబాద్‌లోని దేవ్‌నార్ అంధుల పాఠశాలలో పది పూర్తిచేశాడు. ఇంటర్లో సైన్స్ తీసుకుంటానంటే నిబంధనలు ఒప్పుకోలేదు. కోర్టుకెళ్లి గెలిచి 98 శాతం మార్కులు తెచ్చుకున్నాడు, తర్వాత అమెరికాలోని ఎంఐటీలో చదివాడు. ప్రత్యేక బడి పునాది వేసింది. అడ్డం నిలిచింది మామూలు బడి గడపే.

పదో తరగతి పరీక్షల్లో మాత్రం ఆ గడప కొంత దిగింది. చూపులేని అభ్యర్థికి రాసిపెట్టే స్క్రైబ్‌ను కింది తరగతి నుంచి తెచ్చుకోవచ్చు. తొమ్మిదో తరగతి పిల్ల పదో తరగతి అన్న చెప్పే జవాబును రాస్తుంటుంది. తనకింకా రాని లెక్కను వింటూ, గుర్తులు అడుగుతూ, కొట్టివేస్తూ. పదేళ్ల చదువులో ఇద్దరూ ఒకే బల్ల మీద అంతసేపు కూర్చోవడం బహుశా అదే మొదటిసారి.

2016 చట్టం వైకల్యాల సంఖ్యను ఏడు నుంచి ఇరవై ఒకటికి పెంచింది. అభ్యసన లోపం, తలసేమియా, సికిల్ సెల్ కూడా అందులో చేరాయి. అంటే బయటికి ఏ లోపమూ కనపడని, రక్తం ఎక్కించుకోవడానికి నెలకోసారి బడి మానే పిల్ల కూడా ఇప్పుడు లెక్కలోకి వస్తుంది. మహబూబాబాద్‌లో 2022లో, జనగామ, భూపాలపల్లిల్లో 2023లో సర్కారు వైద్య కళాశాలలు తెరుచుకోవడంతో పరీక్షలకు పోవాల్సిన దారి కురచైంది. టీచర్ల సంగతి ఆలస్యమే. ప్రాథమిక స్థాయిలో పదిమందికి ఒకరు, పై తరగతుల్లో పదిహేను మందికి ఒకరు ప్రత్యేక టీచర్ ఉండాలని సుప్రీంకోర్టు 2021 అక్టోబర్‌లో చెప్పింది. తెలంగాణ 2024 డీఎస్సీ ప్రకటనలోని 11,062 పోస్టుల్లో ప్రత్యేక విద్యవి 1,016. ముప్పై మూడు జిల్లాలకు పంచితే సగటున దాదాపు ముప్పై ఒకటి. ఆ ఏడాది డిసెంబర్‌లోనే ఉద్యోగ భద్రత కోసం సమగ్ర శిక్ష కాంట్రాక్టు ఉద్యోగులు సమ్మెకు దిగారు. ఐఈఆర్పీలూ అందులో ఉన్నారు.

సమ్మె లేని శనివారాల్లో వాళ్ల బండి తండాల వైపు తిరుగుతుంది. మంచం దిగలేని పిల్లలకు ఇంటి దగ్గరే చదువు చెప్పాలన్న హక్కు విద్యాహక్కు చట్టానికి చేసిన 2012 సవరణతో వచ్చింది. సంచిలో పూసలు, బొమ్మల కార్డులు, మెత్తని బంతి. గంటసేపు చేతులు ఆడిస్తారు, రంగులు అడుగుతారు, తల్లికి ఒక వ్యాయామం చూపిస్తారు. ఆ పిల్ల పేరు బడి రిజిస్టర్‌లో నాలుగో తరగతి కింద ఉంటుంది. ఆ తరగతిలోని పిల్లల్లో ఎక్కువమంది ఆమెను ఎన్నడూ చూసి ఉండరు.