ఇనుకుర్తి కాకిబంగారం

అడ్డం 10 అడుగులు, పొరల దొంతర మందం 15 అడుగులు. ఇంత అభ్రకం దిమ్మ మన నెల్లూరు జిల్లా ఇనుకుర్తి గనిలో దొరికిందని నూరేళ్ల పైబడ్డ పుస్తకాల్లో ఉంది. చదివినప్పటి నుంచి నాకు వేరే ధ్యాస లేదు. చిన్నప్పుడు చేలగట్ల మీద ఏరుకున్న కాకిబంగారం గోరంతే కదా!

సంగం దగ్గర పెన్న దాటి దక్షిణంగా పోతే పొదలకూరు, ఆ మండలంలోనే ఇనుకుర్తి. అక్కణ్ణించి సైదాపురం, గూడూరు దాకా మెట్టనేల అడుగున అభ్రకమే. ఆయుర్వేదం వాళ్లు దాన్ని ఏనాడో భస్మం చేసి మందుగా వాడారు. 

అసలు సందడి 1900కి అటూ ఇటూ. బీహారులో ఎలుక బొరియల్లాంటి సొరంగాలు తవ్వితే, మనవాళ్లు మొదట్లో నేలను బారుగా తెరిచారు. దొరికిన దిమ్మను కత్తితో పొరలు చీల్చి, అంచులు కత్తెరతో సరిచేసేవారు. బీహారు పద్ధతి కొడవలి. ఇనుకుర్తిలో పగులూ మచ్చా లేని 30 అంగుళాల పొడవు, 24 అంగుళాల వెడల్పు రేకులు తీశారు. బీహారు ఎర్రఛాయ సరుక్కి ధర ఎక్కువ పలికేది, మనది పచ్చఛాయ. నా కంటికి మాత్రం పచ్చదే అందం.

అభ్రకం కరెంటును పారనివ్వదు, వేడికి చెక్కుచెదరదు. అందుకే రేడియో వాల్వుల్లో దీని పలకలు తప్పనిసరి అయ్యాయి. రెండో ప్రపంచ యుద్ధంలో, 1942లో, బ్రిటన్, అమెరికా కలిసి అభ్రకం కొనడానికే ఇండియాలో ఒక మిషన్ పెట్టాయి. 1946లో కార్మిక సంక్షేమ నిధి చట్టం వచ్చింది. ఎగుమతి మీద పన్ను వేసి ఆ డబ్బుతో ఆస్పత్రులు నడిపారు, మన జిల్లా కలిచేడులో ఒకటి.

ఆస్ట్రేలియా ఎడారిలో కూబర్ పెడీ ఓపల్ గనివాళ్లు ఎండకు తాళలేక నేల తొలిచి అందులోనే ఇళ్లు కట్టుకున్నారు. వాటిని చూడ్డానికి లోకమంతా వెళుతుంది. మన గనివాళ్లు పొద్దుగూకితే పైకొచ్చి గుడిసెల్లో పడుకున్నారు, చూపించుకోవడానికి వాళ్లకేమీ మిగల్లేదు. ఇది అన్యాయమే.

ట్రాన్సిస్టర్ వచ్చి వాల్వును తోసేసింది, గిరాకీ పడిపోయింది. 2015లో కేంద్రం అభ్రకాన్ని చిన్నతరహా ఖనిజాల జాబితాలోకి, అంటే ఇసుక, కంకరల వరసలోకి దించేసింది; 2025లో మళ్లీ పెద్ద ఖనిజాల్లో చేర్చింది.