బండ పలుకు

మా బొగ్గు బాయిల ఒక శాస్త్రం ఉండె. ఏ పుస్తకంల లేదు, ఏ మైనింగ్ పరీక్షల అడగరు. బొగ్గు నింపే బదిలీ ఫిల్లర్లుగ కొత్తగ దిగిన పోరగాళ్లకు ఒక పాత సర్దార్ చెప్పేటోడు: "అరే పిల్లగా, కప్పును కట్టెతోని కొడితే అదురు పుడతది గదా. ఆ అదురు పోకముందే దాన్ని గడ్డ కట్టియ్యాలె. అప్పుడు బాయిల టైం ఆగుతది. టైం ఆగితే బండ కూలదు. కాకపోతే షిఫ్టు గూడ ఒడువది." ఎట్ల గడ్డ కట్టియ్యాలె అనడిగితే ల్యాంప్ రూముకు పోయి మందు తెమ్మనేటోడు. ల్యాంప్ రూమోళ్లు స్టోరుకు పంపేటోళ్లు, స్టోరోళ్లు టబ్బులు గుంజే హాలర్ కాడికి. కల్యాణిఖని బాయిలల్ల కొత్తోళ్లను ఆడిచ్చే తీర్లల్ల ఇదొకటి.

ఉత్త నవ్వులాటే అయితే ఇంత దూరం రాసేటోణ్ని కాదు. ఆ అబద్ధంల సగం మా అసలు పనే ఉన్నది.

సర్దార్ పనిల మొదటిది కప్పు చూసుడు. షిఫ్టు జనం జాగ మీదికి రాకముందే కొసకు ఇనుప పొన్ను ఉన్న కట్టె పట్టుకొని తిరగాలె. కొడితే ఖంగుమన్నదా, బండ గట్టిగున్నట్టు. డొల్లగ పలికిందా, లోపల పొర ఇడిసినట్టు. ఇడిసినదాన్ని గడ్డపారతో పడగొట్టుడే డ్రెస్సింగ్. పడకుంటే కింద దిమ్మె నిలబెట్టాలె. ఇక్కడిదాక చెవి పని. దొడ్డు బండ దగ్గరకు వచ్చేసరికి చెవి మోసపోతది. మందంగున్న పలక పైపొర నుంచి పూర్తిగ ఇడిసినా, కొడితే గట్టి బండ లెక్కనే పలుకుతది. అసోంటి కాడ ఎడమచేతి వేళ్ల కొసలు కప్పుకు ఆనిచ్చి, కుడిచేత్తోని పక్కన కొట్టాలె. చప్పుడు ఎంత నిక్కచ్చిగున్నా సరే, వేళ్ల కింద బండ అదిరిందంటే అక్కడ నిలవద్దు. మైనింగ్ పాఠాలల్ల దీన్ని కంపన పద్ధతి అంటరు. పాత సర్దార్ మాత్రం "చెవి సాక్ష్యం చెప్తది, వేలు తీర్పు చెప్తది" అనేటోడు.

పక్కన లోడింగ్ మిషిన్ నడుస్తుంటే చెవికీ, వేలికీ రెంటికీ పని ఉండది. దాన్ని బందు చేయించి, టబ్బులు ఆపించి, మనుషులను ఊకోమని, అప్పుడు కొట్టేది. ఫిల్లర్లు బొగ్గెత్తే చెమ్మసులు కింద పెట్టి ఆయన వేళ్ల దిక్కే చూసేటోళ్లు. టైం ఆగుడంటే నాకు అదే గుర్తు. అది ఆపేది శాస్త్రం కాదు, భయం.

ఇంతకు ఆ కప్పుల ఉండేది ఇసుకరాయి. మా బొగ్గు ప్రాణహిత–గోదావరి లోయల బరాకర్ పొరలది, పర్మియన్ కాలం నాటిది. 25 కోట్ల ఏండ్లు దాటిన ముచ్చట. దానికి కింద తాల్చేరు పొరలుంటయి, అవి హిమనదాలు మోసుకొచ్చి పడేసిన రాళ్లతోని ఏర్పడ్డయి. మే నెలల 45 డిగ్రీలల్ల మాడిపోయే మా దిక్కు ఒకప్పుడు మంచు! ఈ రాళ్లన్నిటికీ కలిపి పెట్టిన గోండ్వానా అనే పేరు మా అడవులల్ల ఉండే గోండులదే. ఇసుకరాయిల కొన్ని పలకల మీద నీటి అలల గీతలు ఉన్నవి ఉన్నట్టే ఉంటయి. ఎన్నడో వాగుల లేచిన అల రాయయిపోయింది. ముసలాయన చెప్పే గడ్డకట్టిన అదురు నిజంగ ఎక్కడన్న ఉన్నదంటే అక్కడనే.

బాయి మీద టైం మాత్రం సైరన్‌ది. 1871ల భూగర్భ శాస్త్రవేత్త విలియం కింగ్ ఇల్లందు దిక్కు బొగ్గు కనిపెట్టిండు, 1889ల తవ్వకం మొదలైంది, 1920ల సింగరేణి కంపెనీ అయింది. గోదారి ఈ ఒడ్డున ముందు బెల్లంపల్లి, తర్వాత మందమర్రి. బొగ్గు వచ్చిన కాడికల్లా సైరన్ వచ్చింది. పొద్దుగాల 7, పగటీలి 3, రాత్రి 11. ఇంట్ల గోడ గడియారం ఉన్నా సైరన్ ఇని ముల్లు తిప్పుకునేది. రాత్రి షిఫ్టు దిగొచ్చి నాయిన పండుకుంటే మా ఇంట్ల పగలే రాత్రి. గిన్నె చప్పుడైనా అమ్మ గుడ్లురిమేది.

ఆ గడియారాన్ని ఆపినోళ్లు కార్మికులు. 1981ల 56 రోజుల సమ్మె, 2011 సెప్టెంబర్ 13 నుంచి తెలంగాణ కోసం సకల జనుల సమ్మె. రెండోసారి నెల మీద బొగ్గు కదలక కరెంటు కోతలు పట్నాలదాక పోయినయి. కాని బాయి లోపల ఏదీ ఆగది. పంపు ఆగితే నీళ్లు నిండుతయి, ఫ్యాను ఆగితే గ్యాసు నిండుతది. అందుకే సమ్మెలల్ల గూడ ఎమర్జెన్సీ డ్యూటీ అని కొందరు దిగుతరు. జనం లేదని కప్పు ఊకుంటదా? దిగుతనే ఉంటది. సమ్మె ఇడిసినంక ముందుగాల కట్టె పట్టుకొని లోపటికి పోవలసింది మల్ల సర్దార్లే.

ఓపెన్‌కాస్టులు వచ్చినంక అదురు భూమి మీదికి ఎక్కింది. బ్లాస్టింగ్ టైముకు మిషిన్ పెట్టి నేల అదురు కొలుస్తరు, అది వంకర గీతలుగ కాయితం మీదికి వస్తది. ముసలాయన కోరుకున్నట్టు అదురును పట్టి నిలబెట్టే మందు దొరికింది, కాని టైం ఆగలేదు. 1997ల గనుల భద్రత డైరెక్టరేట్ పెట్టిన లెక్క ప్రకారం, అదురు సెకండుకు 8 సార్ల కన్న తక్కువున్నప్పుడు, ఊరోళ్ల ఇండ్ల కాడ దాని వేగం సెకండుకు 5 మిల్లీమీటర్లు దాటొద్దు. గని యజమాని సొంత ఇండ్లకైతే 10 దాకా పోవచ్చు. అంటే కంపెనీ కట్టిన మా క్వార్టర్ గోడ ఊరి గోడకన్న రెండింతల అదురు ఓర్చుకోవాలె. ఇటుక రెండు కాడల ఒక్కటే. క్వార్టర్ పగిలితే కట్టినోళ్లే బాగుచేసుకుంటరు, ఊరాయన ఇల్లు పగిలితే ఖర్చు ఆయన నెత్తి మీదనే పడతది. ఆ తేడా అందుకే పెట్టిండ్రని నేననుకుంట.